తలరాత కాదు, పహాణీ రాత

బ్రహ్మ నుదుటి మీద రాస్తడంటరు. ఆ రాత చెరగదంటరు. చిత్రగుప్తుడు పైన కూసొని అందరి చిట్టా రాస్తడంటరు. ఇవన్నీ విని విని మా వాడోళ్లు తరాలకు తరాలు తల వంచుకున్నరు. నేనొక్కటి అడుగుత: ఆ బ్రహ్మను మీలో ఎవరన్న చూసిన్రా? మేం చూసినం. ఆయనకు నాలుగు తలలు లేవు. చెవి మీద కలం, ముందట దఫ్తరం ఉండె. తెలంగాణల ఆయన పేరు పట్వారీ. ఆంధ్రల కరణం.

లోకంలో ఉన్నదాన్నే రాత చెబుతుందని చదువుకున్నోళ్లు అనుకుంటరు. మా ఊళ్లల్ల అట్ల జరగలేదు. రాతే ముందు పుట్టింది, లోకం దాని ఎనక నడిచింది. దున్నెటోడు పొలంల ఉంటడు, పహాణీల ఇంకొకడుంటడు. తగాదా వస్తే పొలంల ఉన్నోడు అబద్ధమైతడు, పహాణీల ఉన్నోడు నిజమైతడు. మంత్రమంటే ఇదే గదా! మంత్రంతోని పాము విషం దిగుతదో లేదో నాకు తెల్వదు. కానీ ఒక్క కలం గీతతోని మూడెకరాలు మాయమైతయని మా ఇంటికి తెలుసు.

మా తాత ఆ మంత్రాన్ని నెత్తి మీద మోసినోడు. ఊరి వెట్టి ఆయనది. జమాబందీకి పట్వారీ తాలూకాకు పోతే దఫ్తరం మూట తాత నెత్తికెక్కేది. మోస్తే మైల లేదు. విప్పితేనే మైల! తన భూమి లెక్క తన నెత్తి మీదనే ఉండంగ, అండ్ల ఏమున్నదో తెల్వకుండ ఆమడల కొద్దీ నడిచిన మనిషి ఆయన. తలరాత అన్న మాటకు ఇంతకన్న అర్థం ఏ నిఘంటువుల దొరుకుతది?

గుట్ట కింద రాళ్లేరి, తుమ్మలు కొట్టి తాత మూడెకరాల చెలక చేసిండు. 1954-55ల తెలంగాణ అంతట ఖస్రా పహాణీ రాసిన్రు. ఇయ్యాల్టికి కూడా భూమి తగాదా వస్తే వకీళ్లు ముందుగాల అడిగే కాయితాల్ల అదొకటి. అండ్ల మా చెలక సర్వే నంబరుకు ఎదురుగ, కబ్జాదారు కాలంల దొర బామ్మర్ది పేరున్నది. ఆ మనిషి మా గట్టు ఎన్నడు తొక్కలేదు. తాత పేరు ఇంకోచోట, ఊరి పనోళ్ల లెక్కల దొరికింది, 'ఎల్లిగాడు' అని. ఎల్లయ్య అని రాయడానికి సిరా సరిపోలేదు కావచ్చు!

ఈ కలం ఒక్క మనిషిది కాదు, ఒక కూటమిది. తాత నుంచి తండ్రికి, తండ్రి నుంచి కొడుక్కు దిగిన విద్య. కరణం తోటి కరణాన్ని కూడా నమ్మొద్దని, మర్మం విప్పొద్దని సుమతీ శతకమే బుద్ధి చెప్పింది. తమలో తామే దాచుకున్నోళ్లు మాకు చూపెడుతరా?

రంగారెడ్డి జిల్లా కలెక్టరేట్ 2022 దాక లక్డీకాపూల్‌ల ఉండె. దాని పక్కపొంటి నాంపల్లి స్టేషన్ రోడ్డు దాక సర్కారు ఆఫీసులే. మొదటిసారి అక్కడ బస్సు దిగినప్పుడు నాయిన నన్ను అడిగిండు, "లక్డీ ఏదిరా బిడ్డా?" లేదు. కట్టె వంతెన ఎన్నడో పోయింది, పేరు మాత్రం నిలబడ్డది. మా చెలక కథ దీనికి తలకిందులు. మనిషి నిలబడ్డడు, పేరే లేదు. ఆ తర్వాత మేం తిరిగిన ఆఫీసుల పేర్లు ఇక్కడ చెప్పను. అన్నిట్ల ఒక్కటే జవాబు: "రికార్డుల లేదు." నాయిన చేతులు చూసినోడు ఒక్కడు లేడు.

1984ల ఎన్టీఆర్ ప్రభుత్వం పటేల్, పట్వారీ, కరణం కొలువులు రద్దు చేసింది. పీడ పోయిందన్నరు. 2020ల వీఆర్వోలను తీసేసిన్రు, అక్టోబరు 29న ధరణి తెచ్చిన్రు. 2025 ఏప్రిల్ 14న, అంబేడ్కర్ జయంతి నాడు, భూభారతి తెచ్చిన్రు. ప్రతిసారీ కలం చేతులు మారింది, పాత రాత మారలేదు. కంప్యూటర్‌కు కులం లేదంటున్నరు మేధావులు. నిజమే, లేదు. దాంట్లకు ఎక్కించిన రాతకు ఉన్నది. 1954 అబద్ధాన్ని 2020ల టైపు చేస్తే అది నిజం కాదు, తాళం పడ్డ అబద్ధం అయితది. పైగా ధరణిల అనుభవదారు కాలమే ఎత్తేసిన్రు. దున్నెటోనికి దొంగ రాతన్న ఉండె, ఆ గడే లేకుండ చేసిన్రు.

చట్టాలు లేవా అంటే ఉన్నయి. 1977 చట్టం ప్రకారం పేదలకిచ్చిన అసైన్డ్ భూమి కొంటే ఆ కొనుగోలు చెల్లదు. కానీ చట్టం మా కోసం రాసిన్రు, మాకు చదివి వినిపించలేదు.

రాత మారదా మరి? మారుతది. ఇదే హైదరాబాదుల భాగ్యరెడ్డి వర్మ 1906ల జగన్మిత్ర మండలి పెట్టిండు. మమ్ముల ఏ పేరుతోని పిలవాలో మేమే చెప్తమన్నడు. ఆ కొట్లాటతోనే 1931 జనాభా లెక్కల్ల నిజాం రాజ్యం 'ఆది హిందువులు' అని రాసింది. లెక్క రాసెటోని చెయ్యి పట్టుకొని రాయించినం. బ్రహ్మ రాతనే అయితే చెయ్యి అట్ల తిరిగేదా?

నేను సర్కారు బడి పంతులును, మా వంశంల డిగ్రీ చదివిన మొదటోన్ని. జూన్ల అడ్మిషన్ రిజిస్టర్ నా ముందటికొస్తది. పిల్ల పేరు ఏం రాయాలె అక్కా అంటే, "మీకు తోచింది రాయున్రి సారూ" అంటరు తల్లులు. ఆ మాట ఇంటే నాకు దఫ్తరం మూట యాదికొస్తది. "నాకు తోచింది రాయను అక్కా. నువ్వు చెప్పు, నేను రాస్త. రాసినంక చదివి వినిపిస్త" అంట.

విద్యార్థి మిత్రులారా, కార్యకర్తలారా! ఊరేగింపుకు ముందు పహాణీ చదవడం నేర్చుకోండి. సమాచార హక్కు చట్టం 2005 నుంచి ఉన్నది. నకళ్లు తీయండి, వాడల్ల కూసోబెట్టి గట్టిగ చదవండి, ఎవరి పేరు ఎక్కడ తప్పిందో అందరూ ఇననీయండి.

అధికారులకు కూడా ఒక మాట. మోకాకు రండి. ఆఫీసుల కూసొని పాత కాయితం నుంచి కొత్త కాయితం పుట్టించకండి. మా గట్టు మీద నిలబడి, దున్నుతున్న మనిషిని పేరడగండి. 'గాడు' తీసేసి నిండుగ రాయండి. రాసింది చదివి వినిపించి, అప్పుడు సంతకం పెట్టండి.