మన భాష గెలిచింది సరే, యాడి భాష సంగతేంది?

నర్సింహులపేట మండలంల ఏ తండా బడికన్న పోయి ఒకటో తరగతి కాడ కాసేపు కూసోండ్రి. ఐదారేండ్ల పిల్ల ఇంట్ల అమ్మను యాడి అంటది, రొట్టెను బాటి అంటది, దూపైతె పాణి అడుగుతది. బడిల అడుగు పెట్టంగనె ఆ పిల్ల చేతిల ఒక పుస్తకం పెడతరు. ఒక పేజీల ఇంగ్లీషు, పక్క పేజీల తెలుగు. 2022-23ల సర్కారు బడులల్ల ఇంగ్లీషు మీడియం తెచ్చినప్పుడు పిల్లలకు అల్కగ ఉంటదని అచ్చేసిన రెండు భాషల పుస్తకాలివి. ఊరి పిల్లకు పక్క పేజీ ఆసరా అయితది. తండా పిల్లకు రెండు పేజీలూ పరాయివే. రెండు నెలలు నోరు తెరవకుండ కూసుంటె, ఈ పిల్లకు చదువు రాదు అని రాసేస్తరు.

ఈ మాట మనకు కొత్త గాదు. మనల్ని గూడ గట్లనే అన్నరు గదా!

1921 నవంబరుల హైదరాబాదు వివేకవర్ధినిల మహర్షి కర్వే అధ్యక్షతన సంఘసంస్కార సభ జరిగింది. ఇంగ్లీషు, ఉర్దూ, మరాఠీ ఉపన్యాసాలు సాఫీగ సాగినయి. ఆలంపల్లి వెంకటరామారావు తెలుగుల మాట్లాడబోతె సభ గొల్లున నవ్వింది, గేలి చేసింది. ఆ అవమానంల నుంచే ఆంధ్ర జన సంఘం పుట్టింది. తెలంగాణల కవులే లేరు అన్నందుకు సురవరం ప్రతాపరెడ్డి 1934ల 354 మంది కవులతోని గోలకొండ కవుల సంచిక తెచ్చిండు. 1918ల పెట్టిన ఉస్మానియా, దేశభాషల పైచదువులు చెప్పిన తొలి యూనివర్సిటీ అని ఇయ్యాలటికీ గొప్పగ చెప్పుకుంటం. గొప్పే. కాని ఆ ఉర్దూ, రాజ్యంల సగం జనానికి ఇంటి భాష అయిన తెలుగు గాదు, మరాఠీ గాదు, కన్నడం గాదు. పాలించేటోని భాషల చదివినోనికే కచేరీల నౌకరి. మన తాతలు ఆ బాధ పడ్డరు.

1956ల భాష పేరు మీద కలిపిన్రు. తొందరపడొద్దు, హైదరాబాదు రాష్ట్రాన్ని విడిగ ఉంచుండ్రి అని అంతకు ముందటేడే ఫజల్ అలీ కమిషన్ చెప్పింది. వినలే. ఒకటే భాష, ఒకటే జాతి అన్నరు. 1966ల అధికార భాషా చట్టం వచ్చింది, 1968ల తెలుగు అకాడమి వచ్చింది. కాగితం మీద అంత తెలుగే. ఎవరి తెలుగు అనేది మాత్రం వాచకం రాసేటోడు, పేపర్లు దిద్దేటోడు తేల్చిండు. కుళాయి అని బడిల చదివి, ఇంటికొచ్చి నల్లా కాడ బిందె పెట్టిన తరం మనది. ఆలుగడ్డ అని రాస్తె ఎర్ర ఇంకుతోని సున్న చుట్టిన్రు. సినిమాల మన మాట రౌడీకి, జోకర్‌కు ఇచ్చిన్రు. అందుకే కదా, ఇది యాస గాదు, మా భాష అని లేచి నిలబడ్డం. నీళ్లు, నిధులు, నియామకాల పక్కన భాష గూడ నడిచింది. ధూంధాం వేదికల మీద లంబాడీ ఆటపాట ఎంత ముందున్నదో చూసినోళ్లందరికి ఎరికే.

రాష్ట్రం వచ్చింది. కాళోజీ పుట్టిన సెప్టెంబరు 9ని 2014 నుంచి తెలంగాణ భాషా దినోత్సవంగ జరుపుకుంటున్నం. 2017ల ఉర్దూ రాష్ట్రమంతట రెండో అధికార భాష అయింది. 2018ల అన్ని బడులల్ల తెలుగు తప్పనిసరి చేస్తూ చట్టం చేసుకున్నం. ఇవన్ని మంచివే, మేం కాదనం. అయితె ఈ లెక్కల తండా యాడ ఉన్నది? మహబూబాబాదు జిల్లాల మూడోవంతుకు పైన గిరిజనులే. మైదానంల లంబాడీలు, అటు గంగారం, కొత్తగూడ దిక్కు కోయలు. 2018 చట్టంతోని తండాలు పంచాయతీలైనయి, తండా బిడ్డలు సర్పంచులైన్రు. పంచాయతీ ఆఫీసు బోర్డు మీద మాత్రం వాళ్ల మాట ఒక్కటి లేదు.

తండాలోళ్లు తమను తాము గోర్ అనుకుంటరు, బయటోళ్లను కోర్ అంటరు. మనం ఎవరెవరినో బయటోళ్లు అన్నం. వాళ్ల లెక్కల మనమే బయటోళ్లం. ఈ సంగతి ఒప్పుకోవాలంటె కొంచెం మింగుడుపడదు.

ఢిల్లీ లెక్కలు ఇంకా అన్యాలం. 2011 జనగణనల దేశం మొత్తం మీద 32 లక్షల 76 వేల మంది మా అమ్మమాట లమాణీ లేకుంటె లంబాడీ అని చెప్పిన్రు. బంజారీ అని చెప్పినోళ్లు ఇంకో 15 లక్షల 81 వేలు. ఈ రెండు పద్దులనూ తీసుకపోయి హిందీ కింద కలిపిన్రు! హిందీ 52 కోట్లు అని చెప్పుకునే లెక్కల మన తండా ముసలవ్వ గూడ ఉన్నది. ఆమెకు హిందీల ఒక ముక్క రాదు. రాజ్యాంగం ఎనిమిదో షెడ్యూలుల 22 భాషలున్నయి. 2011 లెక్కల 14 లక్షల 82 వేల మంది మాట్లాడే బోడోకు 2003ల అండ్ల చోటు దొరికింది. సంస్కృతం మా మాతృభాష అన్నోళ్లు 25 వేలు గూడ లేరు, అది మొదటి నుంచే ఉన్నది. గోర్‌బోలి లేదు. బోడోలు ఏండ్లకేండ్లు కొట్లాడిన్రు కాబట్టి వచ్చింది. మనకు తెలువని సంగతా ఇది?

భాష కోసం కొట్లాడి గెలిచినోళ్లు గెలిచినంక ఏం చేస్తరు? దీనికి బంగ్లాదేశ్‌ను చూడాలె. ఉర్దూ ఒక్కటే అధికార భాష అన్న పాకిస్తాన్ మీద 1952 ఫిబ్రవరి 21న ఢాకా విద్యార్థులు ప్రాణాలిచ్చిన్రు. 1971ల దేశమే తెచ్చుకున్నరు. మరుసటేడు రాజ్యాంగం రాసుకుంటూ పౌరులందరు బెంగాలీలే అన్నరు. చిట్టగాంగ్ కొండల నుంచి గెలిచిన మానవేంద్ర నారాయణ్ లార్మా లేచి, నేను చక్మాను, బెంగాలీని కాను అన్నడు. వినలే. ఆయన సభల నుంచి లేచి బయటకు పోయిండు. ఆ తర్వాత కొండలల్ల తుపాకులు లేచినయి, 1997 దాంక ఒప్పందం కాలే. చక్మా, మర్మా, గారో పిల్లలకు తమ భాషల వాచకాలు ఇచ్చింది 2017ల. తప్పు ఒప్పుకోవటానికి 45 ఏండ్లు పట్టింది! మన కాడ గట్ల అయితదని భయపెట్టటానికి చెప్తలేం. దెబ్బలు తిన్నోడు గూడ కుర్చీ ఎక్కంగనె బెత్తం పట్టుకుంటడు అంటున్నం.

మొన్న ఒక సారు మమ్ముల నిలదీసిండు. తండా తల్లిదండ్రులే మాకు ఇంగ్లీషు కావాలంటున్నరు, మీరు మళ్ల గోర్‌బోలి అని వాళ్లను ఎనుకకు గుంజుతరా అన్నడు. సారు మాటల న్యాయం ఉన్నది. మన పిల్లలను ఇంగ్లీషు బడికి తోలి, తండా పిల్లకు నీ సంస్కృతి కాపాడుకో అని నీతులు చెప్పే పని మేం చెయ్యం. ఆ పిల్లకు ఇంగ్లీషు రావాలె, తెలుగు రావాలె, నౌకరి రావాలె. మేం అడిగేది మొదటి రెండేండ్ల గురించి. ఎరుకైన మాటతోని అక్షరం పట్టుకున్న పిల్ల తెలుగుకు వస్తది, అండ్లకెల్లి ఇంగ్లీషుకూ పోతది. ఎరుకలేని మాటతోని మొదలుపెట్టిన పిల్ల చూసి రాసుడు నేర్చుకుంటది, రాసిన దానికి అర్థం చెప్పుమంటె చెప్పలేదు. ఈ సంగతి తండా బడుల టీచర్లను అడిగితె వాళ్లే చెప్తరు.

లిపి లేదు గదా అంటరు ఇంకొందరు. హిందీ, మరాఠీ ఒకటే లిపిల రాస్తరు, ఇంగ్లీషోడు రాసేది రోమన్ అక్షరం. వాళ్లను ఎవరూ అడగలే. ఒక మాట దాయకుండ చెప్పాలె. మనం తిట్టిపోసిన ఉమ్మడి రాష్ట్రమే 2004 నుంచి ఎనిమిది గిరిజన భాషలల్ల తెలుగు లిపితోని వాచకాలు చేయించింది. కోయ, గోండి, కొలామీ, బంజారా అండ్ల ఉన్నయి. కొన్ని బడులల్ల పెట్టిన ప్రయోగం అది, గంతకాడనే ఆగింది. మన రాష్ట్రంల దాన్ని బడిబడికి తీసుకపోవాలె గదా, ఎవరు అడ్డమొచ్చిన్రు? రాజ్యాంగం 350ఎ అధికరణం చిన్నపిల్లలకు మాతృభాషల చదువు చెప్పే వసతి కల్పించాలని రాష్ట్రాలకు చెప్తున్నది. అది ఏ సవరణతోని వచ్చిందో తెలుసా? 1956ల చేసిన ఏడో సవరణ. మనల్ని భాష పేరు మీద కలిపిన ఏడాదే.

కాబట్టి అడిగేది పెద్దగ లేదు. తండా బడిల తండా మాట వచ్చిన ఒక మనిషిని, డిగ్రీ చదివి ఖాళీగ ఉన్న ఆ తండా పోరగాండ్లనే, ఒకటి రెండు తరగతులకు పెట్టాలె. కోయ గూడేలల్ల గూడ గట్లనే. పాత వాచకాల దుమ్ము దులిపి మళ్ల అచ్చెయ్యాలె. విద్యార్థి సంఘాల తమ్ముళ్లు, చెల్లెండ్లు హాస్టళ్లల్ల ఈ సంగతి మాట్లాడుండ్రి. వచ్చే సెప్టెంబరు 9న బడిల పెట్టే సభల ఒక గోర్‌బోలి పాట, ఒక కోయ పాట పాడించుండ్రి, సర్కారు జీవో కోసం ఎదురుచూడాల్సిన పని లేదు.

ఉద్యోగ మిత్రులకు ఇంకొక పని. 2027 జనగణనకు ఎప్పటి లెక్కనే టీచర్లు, గ్రామస్థాయి ఉద్యోగులే ఎన్యూమరేటర్లుగ తండాలకు పోతరు. మాతృభాష గడి కాడికి రాంగనె, తెలుగే గదా అని మీరే నింపకుండ్రి. హిందీ అసలే పెట్టకుండ్రి. గుమ్మంల ఉన్న యాడిని అడుగుండ్రి, ఆమె ఏం చెప్తె అదే రాయుండ్రి.