కులం తెలిసి కొట్టారు, అది చాలదా?

పసుపు తవ్వకాల కాలంలో నిజామాబాద్ జిల్లా ధర్పల్లి చుట్టుపక్కల ఊళ్లలో ఎవరు ఎవరి చేనుకు కూలికి పోతారో, ఎవరి ఇల్లు ఏ వాడలో ఉందో చెప్పడానికి ఎవరూ తడుముకోరు. కులం అందరికీ తెలిసిన సంగతే. అలాంటి ఊళ్లో ఒక దళితుణ్ణి కొడితే, కేసు జిల్లా కేంద్రంలోని ప్రత్యేక కోర్టుకు చేరేసరికి ప్రాసిక్యూషన్ తడబడేది మాత్రం ఆ కులం దగ్గరే. దెబ్బలకు డాక్టరు సర్టిఫికెట్ ఇస్తాడు. కులం వల్లే కొట్టారని ఎవరిస్తారు?

1990 జనవరి 30న అమల్లోకి వచ్చిన ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టంలోనే ఈ చిక్కు ఉండేది. పదేళ్లు, అంతకు మించి శిక్ష పడే నేరాలకు యావజ్జీవం విధించే సెక్షన్ 3(2)(వి) వర్తించాలంటే, బాధితులు ఎస్సీ, ఎస్టీ అయినందువల్లే ఆ నేరం జరిగిందని చూపాలి. కర్నూలు జిల్లాలో 2011లో పుట్టు అంధురాలైన ఒక దళిత యువతిపై అత్యాచారం జరిగింది. నిందితుడు ఆ ఇంటికి వచ్చిపోయేవాడు, కుటుంబం సంగతులన్నీ తెలిసినవాడు. 2021 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టులో జస్టిస్ చంద్రచూడ్, జస్టిస్ ఎం.ఆర్. షాల ధర్మాసనం అత్యాచార నేరానికి యావజ్జీవాన్ని ఖాయం చేసింది. అట్రాసిటీ చట్టం కింద పడిన శిక్షను మాత్రం కొట్టేసింది. కులం, లింగం, వైకల్యం కలిసి ఒక మనిషిని ఎలా నిస్సహాయం చేస్తాయో అంత వివరంగా రాసిన తీర్పు మన న్యాయస్థానాల్లో అరుదు. అయినా కులం కారణమని చెప్పే సాక్ష్యం రికార్డులో లేదన్న చోట ఆ తీర్పు ఆగిపోయింది. మనసులోని కారణానికి సాక్షిని తెమ్మంటే ఎక్కడినుంచి తెస్తారు?

ఆ నేరం నాటికి లేని, 2016 జనవరి 26న అమల్లోకి వచ్చిన సవరణ ఈ భారాన్ని చాలావరకు దించింది. బాధితుడు ఎస్సీ, ఎస్టీ అని ‘తెలిసి’ చేస్తే చాలన్నది. సెక్షన్ 8(సి) ఇంకో అడుగు ముందుకేసింది: నిందితుడికి బాధితుడితోగానీ అతని కుటుంబంతోగానీ పరిచయం ఉంటే, కులం తెలుసనే కోర్టు భావించాలి. తెలియదని రుజువు చేసుకోవాల్సింది నిందితుడే. పల్లెల కోసమే రాసినట్టున్న నిబంధన ఇది. కొట్టడం, గాయపరచడం, బెదిరించడం వంటి పదేళ్లలోపు శిక్ష పడే నేరాలకు 3(2)(విఎ) కూడా అప్పుడే వచ్చింది. దీనికింద శిక్ష మామూలు నేరానికి పడేంతే, పెరగదు. అది లోపమే. కానీ కేసు ప్రత్యేక కోర్టుకు పోతుంది, ముందస్తు బెయిలు దొరకడం కష్టమవుతుంది, బాధితుడికి పరిహారం హక్కు వస్తుంది.

మరి స్టేషన్‌లో జరుగుతున్నదేమిటి? ‘కులం పేరుతో తిట్టి కొట్టారు’ అన్న ఒక్క వాక్యం మీద కేసంతా నిలబెడతారు. తిట్టు నేరమవ్వాలంటే 3(1)(ఆర్), 3(1)(ఎస్) ప్రకారం అది నలుగురికీ కనబడే, వినబడే చోట జరగాలి. ఆఫీసు గదిలో నాలుగు గోడల మధ్య అన్న మాట ఆ లెక్కలోకి రాదని 2025 జనవరిలో సుప్రీంకోర్టు చెప్పింది. అన్న మాటలేవో చార్జిషీటులో లేకపోవడాన్ని 2023లోనే తప్పుపట్టింది. కులం తెలిసినంత మాత్రాన 3(1)(ఆర్) చాలదు, కులం వల్ల అవమానించాలన్న ఉద్దేశం కనబడాలని 2024లో తేల్చింది. కాబట్టి తిట్టు మీదే ఆధారపడిన కేసులో తిట్టును విన్న సాక్షి వెనక్కి తగ్గితే దెబ్బలు కూడా కులంతో సంబంధం లేని మామూలు కొట్లాట కింద మిగిలిపోతాయి. 3(2)(విఎ)కు తిట్టుతో పనే లేదు. కొట్టినవాడికి ఆ కుటుంబం ఎన్నేళ్లుగా తెలుసు, ఎవరి చేన్లో ఎవరు పనిచేశారు, బాధితుడి కుల ధ్రువపత్రం ఏది అన్నవి ఫైల్లో ఉంటే 8(సి) మిగతా పని చేస్తుంది. ఈ కేసుల్ని దర్యాప్తు చేయాల్సింది డీఎస్పీ స్థాయి అధికారి, నిజామాబాద్ కమిషనరేట్‌లోనైతే ఏసీపీ. ఆయన రెండు పేజీలు ఎక్కువ రాయాలి, అంతే.

నిజామాబాద్ కోర్టుల్లో వకీలుగా పనిచేసిన బొజ్జా తారకం ‘పోలీసులు అరెస్టు చేస్తే’ అని ఒక పుస్తకం రాశారు. ఠాణాలో ఫిర్యాదు రాయించేవాళ్లకూ అలాంటిదొకటి రావాల్సి ఉంది.

ఎంత రాసినా కోర్టులో నోరు విప్పాల్సింది సాక్షే. ఆర్మూరు, బాల్కొండ ప్రాంతాల్లో గ్రామాభివృద్ధి కమిటీలంటే తెలియనివాళ్లు లేరు. గుడికీ బడికీ చందాలు పోగుచేసే ఈ వీడీసీలు మాట వినని కులాలకు కిరాణా బంద్ పెట్టడం, కూలికి పిలవకపోవడం, వాళ్లతో మాట్లాడినవాళ్లకు జుర్మానా వేయడం ఏళ్లుగా వార్తల్లో చదువుతున్నదే. పసుపు ఉడకబెట్టే నెలల్లో పని ఆగితే ఆ ఇంటికి ఏడాది గడవదు. అలాంటప్పుడు కమిటీ పెద్దల ముందు కుదిరిన రాజీని కాదని కోర్టుకెళ్లి నిలబడేదెవరు? సాక్షి మాట మార్చాడని తీర్పులో ఒక వాక్యం వస్తుంది, అతణ్ణి మార్చిందేమిటో రాదు. నిర్దోషులుగా బయటపడ్డారు కాబట్టి కేసే అబద్ధమని వాదించేవాళ్లు ఆ వాక్యాన్నే చూపిస్తారు. చుండూరులో 1991లో ఎనిమిది మంది దళితుల్ని చంపారు. 2007లో ఊళ్లోనే పెట్టిన ప్రత్యేక కోర్టు 21 మందికి యావజ్జీవం వేస్తే, 2014లో హైకోర్టు అందర్నీ వదిలేసింది. ఆ ఎనిమిది శవాలూ అబద్ధమా?

ఎస్సీ, ఎస్టీలను బహిష్కరిస్తే 3(1)(జడ్‌సి) కింద అదే ఒక నేరం. అయితే దళితుడి పక్షాన నిజం చెప్పిన పొరుగు బీసీ రైతును వెలివేస్తే ఆ క్లాజు వర్తించదు. సెక్షన్ 15ఎ మాత్రం ఏ కులం సాక్షినైనా కాపాడాల్సిన బాధ్యతను ప్రభుత్వం మీద పెట్టింది. సాక్షి తనను బెదిరిస్తున్నారని చెబితే ఫిర్యాదు రాసుకోవడం స్టేషన్ అధికారి విధి అని కూడా చెప్పింది. మహారాష్ట్ర 2016లో సాంఘిక బహిష్కరణే నేరమని చట్టం చేసుకుంది. వీడీసీలున్న తెలంగాణకు అది ఇంకా ఎక్కువ అవసరం. ఆ చట్టం వచ్చేదాకా ఆగక్కర్లేదు. అట్రాసిటీ కేసు నమోదైన రోజే ఆ ఊరి వీడీసీ సభ్యుల్ని పిలిపించి, సాక్షుల్లో ఎవరికి కూలి ఆగినా బాధ్యత మీదేనని రాతపూర్వకంగా నోటీసు ఇవ్వమని ఎస్సైలను పోలీసు కమిషనర్ ఆదేశించవచ్చు.