రాజుగారి పేరు మీద ఉన్న పుస్తకాలు

తంజావూరును రఘునాథ నాయకుడు 1600 నుంచి 1634 దాకా ఏలాడు. ఆయన పేరు మీద ఉన్న పుస్తకాలు ఒక్కసారి వరసగా చెప్పుకుని చూడండి. వాల్మీకి చరిత్రము, శృంగార సావిత్రి, నల చరిత్రము, రామాయణము, అచ్యుతాభ్యుదయము, పారిజాతాపహరణము, గజేంద్రమోక్షము, రుక్మిణీకృష్ణ వివాహ యక్షగానము. ఇంకా ఉన్నాయి. కొన్నిటికి ఇప్పుడు పేరే మిగిలింది. వీటిలో పద్యకావ్యం ఉంది, ద్విపద ఉంది, యక్షగానం ఉంది. ఇవన్నీ తెలుగు. వీటి పక్కన సంస్కృతంలో సంగీత సుధ అనే పెద్ద శాస్త్రగ్రంథం. మధ్యలో తోపూరు యుద్ధం లాంటివి వేరే ఉన్నాయి. వీణకు మెట్లు స్థిరంగా అమర్చిన ఖ్యాతి కూడా ఆయన ఖాతాలోనే ఉంది.

ఈ జాబితా చదివితే ఎవరికైనా వచ్చే ప్రశ్న ఒకటే. రాజ్యం చేసేవాడికి ఇంత తీరిక ఎక్కడిది?

తమిళనాట ఉన్న మన తెలుగు కుటుంబాల్లో ఈ ప్రశ్నకు రెండే జవాబులు వినపడతాయి. పెద్దవాళ్ళు "ఆ రోజుల్లో రాజులు అలాంటివాళ్ళురా" అని మురిసిపోతారు. కాస్త చదువుకున్న కుర్రాళ్ళు "అన్నీ కూలికి రాయించుకున్నవే" అని కొట్టిపారేస్తారు. నాకు ఈ రెండూ నచ్చవు. రెండిటిలోనూ పుస్తకం తెరవాల్సిన అవసరం లేదు కదా, అందుకే అంత సులభంగా వస్తాయి ఆ మాటలు.

మన పాతవాళ్ళకు ఈ విషయంలో మనకన్నా స్పష్టత ఎక్కువ. కృతికర్త అంటే రాసినవాడు, కృతిభర్త అంటే అంకితం పుచ్చుకున్నవాడు. ఆశ్వాసం చివర గద్య ఉంటుంది. అందులో కవి తన తండ్రి పేరు, బిరుదులు, ఎవరి దయ వల్ల కవిత్వం అబ్బిందో అన్నీ చెప్పుకుంటాడు. ఇంటి దస్తావేజులో అమ్మినవాడి పేరూ కొన్నవాడి పేరూ విడిగా రాసినట్టే ఇదీనూ. చేమకూర వేంకటకవి విజయవిలాసం రాసి రఘునాథుడికి అంకితమిచ్చాడు. కర్త వేంకటకవి, భర్త రఘునాథుడు. పేరు మాయం కాలేదు. అదే కొలువులో రామభద్రాంబ సంస్కృతంలో రఘునాథాభ్యుదయం రాసింది, ఆమె పేరూ ఉంది. రాజుగారి తెలుగు రామాయణాన్ని సంస్కృతంలోకి మార్చిన మధురవాణి పేరూ ఉంది.

నా అభిప్రాయానికి ఆధారం ఇదే. ఇంతమంది కవులు, అందులో ఆడవాళ్ళు కూడా, తమ తమ పేర్లతో రాసుకోగలిగిన కొలువు అది. కనపడిన పుస్తకమల్లా తన పేరు మీద రాయించుకునే రాజైతే విజయవిలాసాన్ని ఎందుకు వదులుతాడు? అందుకని వాల్మీకి చరిత్రము రఘునాథుడిదే అని అది చెప్పుకుంటున్నప్పుడు, కాదు అనేవాళ్ళే ఋజువు చూపించాలి. పండితులు దిద్ది ఉండవచ్చు, ఒక పద్యం పక్కనున్నవాడు అందించి ఉండవచ్చు. దిద్దించుకోని కవి ఎవడున్నాడు గనక.

సంగీత సుధ సంగతి మాత్రం వేరు. అది రఘునాథుడు రాసినట్టే మొదలవుతుంది. ఆయన కల్పించిన జయంతసేన రాగం, రామానంద తాళం ప్రస్తావనలూ ఉన్నాయి. అయితే వేంకటమఖి తన చతుర్దండి ప్రకాశికలో, సంగీత సుధ మా నాన్నగారు గోవింద దీక్షితులు చేసిన గ్రంథం అన్నాడు. గోవింద దీక్షితులు అంటే రఘునాథుడికి మంత్రి, గురుస్థానంలో ఉన్నవాడు. కుంభకోణం మహామహం కోనేటి చుట్టూ ఉన్న మండపాలు ఆయన కట్టించినవే అంటారు. పట్టీశ్వరం గుళ్ళో ఆయనా ఆయన భార్యా విగ్రహాలుగా నిలబడి ఉంటారు.

కొడుకు తండ్రి తరఫున మాట్లాడాడు గనక దాన్ని ఎంత నమ్మాలి అని అడగొచ్చు. న్యాయమైన ప్రశ్నే. కానీ వేంకటమఖి ఆ పుస్తకం రాసింది ఎవరి ప్రోత్సాహంతో? రఘునాథుడి సొంత కొడుకు విజయరాఘవ నాయకుడి ప్రోత్సాహంతో. తండ్రి పేరు మీద ఉన్న గ్రంథం మంత్రిగారిది అని కొడుకు కొలువులోనే పండితుడు రాశాడు, ఆ వాక్యం గ్రంథంలో అలాగే నిలిచి మన దాకా వచ్చింది. అంటే ఆ రోజుల్లో అది దాచాల్సిన రహస్యం కాదన్నమాట. రాజు పేరు మీద శాస్త్రగ్రంథం వెలువడటం, దాన్ని కూర్చింది పండితుడని అందరికీ తెలియడం, రెండూ ఇబ్బంది లేకుండా ఇమిడిపోయేవి. ఇబ్బంది మనకే. "రచయిత" అనే గడిలో ఒక్క పేరే పట్టాలంటాం మనం.

విజయరాఘవుడి గురించి ఎక్కువ చెప్పను. ఆయన పేరు మీద తండ్రికన్నా ఎక్కువ పుస్తకాలున్నాయి, అందులో తండ్రి మీద రాసినవే రెండు. 1673లో మధుర సైన్యంతో పోరాడి చనిపోయాడు. నాయకరాజుల కథ అక్కడితో సరి.

ఆ తరవాత వచ్చిన శాహజీ సంగతి మనకు మరీ దగ్గరిది. శివాజీ తమ్ముడు ఏకోజీ కొడుకు ఈయన. చిన్న వయసులోనే 1684లో గద్దెనెక్కాడు. తెలుగులో ఇరవై దాకా యక్షగానాలు ఈయన పేరు మీద ఉన్నాయి. పల్లకీ సేవా ప్రబంధం అందరికీ తెలిసినదే. ఐదు భాషల పాత్రలతో పంచభాషా విలాసం అనే నాటకం కూడా ఉంది.

ఇక్కడ సందేహం ఇంకో రూపంలో వస్తుంది. "మరాఠీవాడు తెలుగులో అన్నెలా రాస్తాడండీ, ఎవరో రాసి పెట్టుంటారు" అని. ఈ మాట మన ఇళ్ళలోనే విన్నప్పుడు నాకు నిజంగా కోపం వస్తుంది. తంజావూరులో పెరిగిన పిల్లవాడు. చుట్టూ తెలుగు పదాలు, తెలుగు యక్షగానాలు, నాయకుల నాటి నుంచి వస్తున్న కవులూ నాట్యకత్తెలూ. తెలుగు రాకపోతే కదా ఆశ్చర్యం! బయట పుట్టి బయట పెరిగిన మన పిల్లలు నాలుగు మాటలు తెలుగులో రాస్తే "నిజంగా నువ్వే రాశావా" అని హైదరాబాదు చుట్టాలు అడుగుతారే, ఇదీ ఆ బాపతే. పుట్టిన ఊరూ ఇంటి భాషా చూసి చెయ్యి ఎవరిదో తేల్చేస్తారు. మనమే శాహజీని అలా అనుమానిస్తే, రేపు మన పిల్లల్ని అనుమానించేవాళ్ళకు ఏ మొహం పెట్టుకుని జవాబు చెబుతాం?

అన్నీ ఆయనొక్కడే రాశాడని ఒట్టేసి చెప్పమంటే చెప్పలేను. ఆయన కొలువులో గిరిరాజకవి ఉన్నాడు, శాహజీనే నాయకుణ్ణి చేసి యక్షగానాలు రాశాడు. తిరువిశనల్లూరు అగ్రహారాన్ని 40 మందికి పైగా పండితులకు దానమిచ్చాడు శాహజీ. యక్షగానం ఆడటానికి తయారయ్యేది. పాట కట్టేవారు, తాళం వేసేవారు, ఆడేవారు అందరూ తలా చెయ్యి వేసి ఉంటారు. అయినా గిరిరాజకవి పేరు గిరిరాజకవికి దక్కింది చూడండి. మళ్ళీ అదే సాక్ష్యం.

ఇదంతా ఎందుకు పట్టించుకోవాలంటే, పేర్ల విషయంలో మనం చూపించే అనుమానం అందరి మీదా ఒకేలా పడదు. రాజు మీద పడితే రాజుకు పోయేదేమీ లేదు, కోట ఉంది, గుళ్ళలో శాసనాలున్నాయి. పసుపులేటి రంగాజమ్మ మీద పడితే ఆమెకు మిగిలేది ఏముంది? విజయరాఘవుడి కొలువులో ఉండి మన్నారుదాస విలాసము, ఉషాపరిణయము రాసింది. అందులోని గద్య తప్ప ఆమెకు వేరే సాక్షి లేడు. "రాజుగారే రాసి ఆవిడ పేరు పెట్టి ఉంటాడు" అని ఎవరన్నా సరదాకి అన్నా సరే, అక్కడితో ఆవిడ పోయినట్టే.

పోగొట్టడం ఎలా జరుగుతుందో చూడాలంటే ముద్దుపళని ఉంది. ప్రతాపసింహుడి కాలంలో తంజావూరులోనే రాధికా సాంత్వనము రాసింది. తల్లి, నాయనమ్మ, గురువు, ఎవరెవరో పీఠికలో చెప్పుకుంది. పందొమ్మిదో శతాబ్దంలో అచ్చువేసినవాళ్ళు ఆ పీఠికను తీసేశారు, కొన్ని పద్యాలు కూడా తీసేశారు. పుస్తకంలో కవయిత్రి తన గురించి చెప్పుకున్న చోటే ఎగిరిపోయింది. 1910లో బెంగళూరు నాగరత్నమ్మ వ్రాతప్రతి సంపాదించి, పీఠికతో సహా మళ్ళీ అచ్చు వేయించింది. నంజనగూడులో పుట్టి, మదరాసులో పాడి, తిరువయ్యారులో త్యాగరాజస్వామి సమాధికి గుడి కట్టించిన మనిషి. తెలుగునాడు బయట ఉన్న తెలుగు పుస్తకాన్ని తెలుగునాడు బయట పుట్టిన మనిషే నిలబెట్టింది. ఆ పుస్తకాన్ని ప్రభుత్వం నిషేధించిన కథ వేరు, అది మరోసారి.

సంక్రాంతికి, ఉగాదికి మన సంఘాలు వేసే సంచికల్లో "మన పూర్వకవులు" అని ఒక పట్టిక తప్పకుండా ఉంటుంది. ఈసారి వేసేటప్పుడు రెండు గడులు పెట్టమని నా విన్నపం. ఒకటి "రాసినవారు", ఇంకొకటి "ఎవరి పేరు మీద ఉన్నది". చాలా పుస్తకాలకు రెండు గడుల్లోనూ ఒకే పేరు వస్తుంది, రానివ్వండి. సంగీత సుధకు రెండో గడిలో రఘునాథుణ్ణి వేసి, మొదటి గడిలో "గోవింద దీక్షితులు అని వేంకటమఖి" అని వేయండి. శాహజీకి శాహజీ పేరే వేయండి. రంగాజమ్మను "ఆస్థాన కవయిత్రులు" అని చివర ఒక వాక్యంలో కలిపేయకుండా, రెండు పుస్తకాలతో ఆమెకొక వరస ఇవ్వండి. సరస్వతీ మహల్ వాళ్ళు వేసిన పాత పుస్తకాలు మీ ఇంటి అటకమీద ఉంటే దింపండి. ముందు గద్య చదవండి. అందులో ఉన్న పేరు, తండ్రి పేరు, తల్లి పేరు ఉంటే అదీ, ఉన్నదున్నట్టు రాసి పంపండి. పట్టిక నేను వేస్తాను.