వాళ్ల జీతానికి చట్టం ఉంది, మన ధరకి ఏముంది?

పోస్టు పెద్దదే. దుక్కులు, విత్తనాల కోసం తిరుగుళ్లు ఉన్న రోజులని తెలుసు. కానీ పార్లమెంటు సమావేశాల ముందే చేయాల్సిన పని ఒకటుంది కాబట్టి ఇప్పుడే రాస్తున్నా. రాత్రి అన్నం తిన్నాక తీరిగ్గా చదవండి, కోపం వస్తే కామెంట్లో తిట్టండి, కానీ చివరిదాకా చదివాకే తిట్టండి.

మన ఎంపీలు ప్రమాణం చేసి 2025 జూన్ 24కి ఏడాది నిండింది. 2024లో అదే రోజు 18వ లోక్‌సభ మొదటిసారి కూడింది. రాష్ట్రాల పేర్ల వరస ప్రకారం పిలుస్తారు కాబట్టి మన ఆంధ్రా వాళ్లు మొదటి రోజే చేసేశారు, తెలంగాణ వాళ్లు మర్నాడు చేశారు. గ్రూపుల్లో మళ్లీ అవే ఫోటోలు, అవే వీడియోలు. విజయనగరం ఎంపీ కలిశెట్టి అప్పలనాయుడు గారు పసుపు సైకిలెక్కి పార్లమెంటుకి వెళ్లింది ఒకటి. ఒవైసీ గారు ప్రమాణం చివర్న జై పాలస్తీనా అన్నది ఇంకొకటి. టీవీలకి రెండు రోజులు అదే పని. నాకు సైకిలు మీద కోపం లేదు, నినాదాల గొడవ నాకక్కర్లేదు. నేనడిగేది ఒక్కటే. ఆ రోజు వాళ్లు చదివిన కాగితంలో ఏముందో మనలో ఎంతమందిమి చూశాం?

చిన్న కాగితమే. రాజ్యాంగానికి కట్టుబడి ఉంటానని, దేశం సార్వభౌమత్వాన్ని, సమగ్రతని కాపాడతానని, చేపట్టబోయే బాధ్యతని నమ్మకంగా నెరవేరుస్తానని. అంతే. ఈ ప్రమాణం చేయాలని రాజ్యాంగంలో 99వ అధికరణం చెబుతుంది. చేయకుండా సభలో కూర్చుంటే రోజుకి 500 రూపాయలు జరిమానా అని 104వ అధికరణంలో ఉంది. ప్రమాణం చేయకుండా కూర్చున్నవాడికి జరిమానా ఉంది. చేసి ఐదేళ్లూ నోరు మెదపకుండా కూర్చున్నవాడికి మాత్రం ఏ జరిమానా లేదు. అది వేయాల్సింది మనం. మనం వేయం.

ఎందుకు వేయం? ఎంపీ అంటే మన లెక్కే వేరు. తిరుమల దర్శనానికి సిఫార్సు లెటరు ఇచ్చాడా లేదా. అల్లుడి ట్రాన్స్‌ఫర్‌కి ఫోను చేశాడా లేదా. పెళ్లికి వచ్చి అక్షింతలు వేశాడా, పెద్దకర్మకి వచ్చి ఫోటోకి దండం పెట్టాడా. ఇవన్నీ చేస్తే మంచి ఎంపీ. చేయకపోతే గర్విష్టి. వాళ్లు మనకంటే తెలివైనవాళ్లు, మనం ఏ పరీక్ష పెడితే దానికే చదువుతారు. దర్శనం లెటరు మీద సంతకానికి లోక్‌సభ దాకా ఎందుకన్నా? చట్టం చేసే చోటికి పంపిన మనిషిని పట్టుకుని మనమే పెళ్లి పెద్దని చేసి కూర్చోబెట్టాం.

ఇక అసలు సంగతి.

2018లో ఎంపీల జీతం నెలకి 50 వేల నుంచి లక్ష చేశారు. అప్పుడే చట్టంలో ఇంకో ఏర్పాటు కూడా చేసుకున్నారు. ఐదేళ్లకోసారి ధరల పెరుగుదల సూచీని బట్టి జీతం దానంతట అదే పెరుగుతుంది. ఎవరూ అడగక్కర్లేదు, ధర్నా చేయక్కర్లేదు, ఢిల్లీ రోడ్ల మీద చలిలో పడుకోనక్కర్లేదు. ఆ ప్రకారమే 2025 మార్చిలో నోటిఫికేషన్ వచ్చింది. లక్ష కాస్తా లక్షా 24 వేలయింది. సభ జరిగే రోజుల్లో ఇచ్చే రోజువారీ భత్యం 2,000 నుంచి 2,500, మాజీల పింఛను నెలకి 25 వేల నుంచి 31 వేలు. అదీ 2025 నుంచి కాదు, వెనక్కి వెళ్లి 2023 ఏప్రిల్ 1 నుంచి లెక్క.

నేను దీన్ని తప్పని అనను. నమ్మండి, నిజంగానే అనను. ధరలు పెరిగితే జీతం పెరగాలి, న్యాయమే. ఆ న్యాయం ఏమిటో వాళ్లకి బాగా తెలుసన్నమాట. చట్టంలో ఎలా రాయాలో కూడా తెలుసు. అదే నా బాధ.

ఇప్పుడు మన వైపు చూడండి. పీఎం కిసాన్ 2019లో మొదలైంది. ఏడాదికి 6,000, మూడు విడతలు. 2025లోనూ అదే 6,000. ఆరేళ్లలో ఒక్క రూపాయి కదల్లేదు. 2025 జూన్‌లో వస్తుందని చూసిన 20వ విడత ఆ నెలలో పడలేదు. ఎంపీ జీతం పెరిగినట్టు 24 శాతం పెంచినా 7,440 కావాలి. 2019లో మీ ఊళ్లో మిరపకాయల కోత కూలి ఎంత, ఇప్పుడెంత? మీరే రాసుకోండి, నేను చెప్పక్కర్లేదు. రాష్ట్రం ఇస్తానన్నది వేరే లెక్క, దాని సంగతి ఇంకో పోస్టులో చూద్దాం.

పింఛను సంగతీ ఇంతే. ఎంపీగా ఎన్నాళ్లు చేశాడన్న పట్టింపు లేదు, ఆ 31 వేలు వస్తాయి. చిన్న రైతుకి కూడా 2019లో పింఛను పథకం పెట్టారు, 60 ఏళ్లు నిండాక నెలకి 3,000. మన వాటా మనం ముందు నుంచి కట్టుకోవాలి. చేరే వయసు 18 నుంచి 40 లోపు. అంటే పథకం పెట్టేనాటికే 40 దాటిన నాలాంటి వాళ్లకి తలుపు మూసే ఉంది.

మద్దతు ధర ఏటా పెంచుతున్నారు కదా అంటారు కొందరు. పెంచారు. వరి సాధారణ రకానికి క్వింటాకి 2,300 ఉన్నది 2025 ఖరీఫ్‌కి 2,369 చేశారు. 69 రూపాయలు. అయినా సరే అనుకుందాం. కానీ ఆ ధరకి తక్కువగా కొంటే నేరం అని చట్టం ఎక్కడుంది? లేదు. అది ప్రకటన మాత్రమే. అదీ 22 పంటలకే. మన మిరప అందులో లేదు. చిత్తూరు వాళ్ల తోతాపురి మామిడి లేదు, నల్ల బర్లీ పొగాకు లేదు. 2025లో ఏడ్చిన మూడు పంటలూ ఆ జాబితా బయటవే, గమనించండి.

మిరప సంగతి మనకి తెలిసిందే. ఎకరానికి రెండు లక్షల పైన పెట్టి, నల్లికీ తామర పురుగుకీ మందులు కొట్టీ కొట్టీ చేతులు కాలినవాళ్లం. నా కాయకి క్వింటాకి 9,800 పడింది. అందరూ గోల పెడితే 2025 ఫిబ్రవరి చివర్లో కేంద్రం మార్కెట్ జోక్యం పథకం కింద క్వింటాకి 11,781 అని లెక్క కట్టింది. 2 లక్షల 91 వేల టన్నుల దాకా అంది. ఆ పథకంలో పంట దిగుబడిలో నాలుగో వంతుకి మించి లెక్కలోకి రాదు. మిగతా మూడు వంతులు? అప్పటికే కళ్లంలోంచే అమ్ముకున్నవాడి గతి? ఇవి అడగాల్సిన చోటు యార్డు గేటు కాదు, లోక్‌సభ.

"అబ్బే, ఎంపీలకేం తెలుసు మన కష్టం, 543 మందిలో 504 మంది కోటీశ్వరులే" అని మనోడొకడు మొన్న కామెంట్ పెట్టాడు. అంకె నిజమే, వాళ్ల అఫిడవిట్లలోంచి తీసిందే. కానీ తెలియకపోవడం కాదు తమ్ముడూ. తెలుసు. పార్లమెంటులో వ్యవసాయానికి స్థాయీ సంఘం ఉంది, అన్ని పార్టీల ఎంపీలూ ఉంటారు అందులో. పంజాబు మాజీ ముఖ్యమంత్రి చన్నీ గారు దానికి అధ్యక్షుడు. 2024 డిసెంబరులో ఆ సంఘం నివేదిక ఇచ్చింది. మద్దతు ధరకి చట్టబద్ధత కల్పించాలనీ, పీఎం కిసాన్ 6,000ని 12,000 చేయాలనీ అందులో సిఫార్సు చేశారు. మన మాట కాదు, వాళ్లు కూర్చుని వాళ్లే రాసుకున్న మాట. తర్వాత ఫిబ్రవరిలో బడ్జెట్ వచ్చింది, 6,000 అలాగే ఉంది. సొంత సంఘం రాసిన నివేదిక కోసం పట్టుబట్టలేని సభ్యత్వం ఎందుకు?

ఇక్కడ రెండు సాకులు వింటాం.

ఒకటి: "మేం ప్రభుత్వంలో భాగస్వాములం, ఎలా అడుగుతాం? విప్ ఉంటుంది." విప్ ఓటుకి. విప్ దాటి ఓటేస్తే సభ్యత్వం పోతుందని 1985లో తెచ్చిన ఫిరాయింపుల చట్టం చెబుతుంది, నిజమే. ప్రశ్న అడిగితే సభ్యత్వం పోతుందని ఏ చట్టంలోనూ లేదు. మంత్రులు తప్ప ఎవరైనా అడగొచ్చు. మన రాష్ట్రం నుంచి లోక్‌సభకి వెళ్లిన 25 మందిలో రామ్మోహన్ నాయుడు గారు, పెమ్మసాని గారు, శ్రీనివాసవర్మ గారు మంత్రులు. వాళ్లని వదిలేద్దాం. మిగతా 22 మందికి నోరుంది, హక్కుంది.

ఇంకో సంగతి. భాగస్వామి అయినవాడికి బలం ఎక్కువా తక్కువా? బీజేపీకి సొంతంగా వచ్చినవి 240. కావాల్సినవి 272. టీడీపీ 16, జనసేన 2 ఆ లోటు పూడ్చిన వాటిలో ఉన్నాయి. ఆ బలంతో అమరావతికి 15 వేల కోట్లు అనిపించారు, విశాఖ ఉక్కుకి 11,440 కోట్లు తెచ్చారు. సంతోషం. అడిగితే వస్తుందని అక్కడే తేలింది కదా. మరి మిరప రైతు ఆ జాబితాలో ఎందుకు లేడు? నలుగురున్నారు కదా వైసీపీ వాళ్లు, వాళ్లకి ఆ మొహమాటం కూడా లేదు, వాళ్లనీ అడుగుదాం. ఏ రంగు జెండా అయినా నాకొకటే. 2020లో మూడు వ్యవసాయ చట్టాలకి ఈ రెండు పార్టీలూ మద్దతిచ్చినవే. ఏడాది తర్వాత 2021 నవంబరు 29న వాటిని రద్దు చేసే బిల్లు రెండు సభల్లోనూ ఒక్కరోజులో, చర్చ లేకుండానే అయిపోయింది. తెచ్చినప్పుడు మనల్ని అడగలేదు, తీసేటప్పుడు మన గురించి మాట్లాడలేదు.

రెండో సాకు: "కొత్తవాళ్లు, నేర్చుకుంటున్నారు." ఈ సభలో సగం పైన, 280 మంది దాకా మొదటిసారి ఎన్నికైనవాళ్లు. సరే. కొత్తగా అరక పట్టినవాడు కూడా ఏడాదికి సాలు తిన్నగా తోలతాడు. ఏడాది దాటింది.

ఇప్పుడు పని సంగతి. 2025లో వర్షాకాల సమావేశాలు జూలై 21న మొదలయ్యాయి. సభలో మొదటి గంట ప్రశ్నలదే. రోజుకి 20 ప్రశ్నలు మంత్రి నోటితో జవాబు చెప్పేవి, 230 రాతపూర్వకంగా జవాబిచ్చేవి. ఎక్కువ వస్తే లాటరీ తీస్తారు. నోటీసు కనీసం 15 రోజుల ముందు ఇవ్వాలి. అంటే సమావేశాల మొదట్లోనే రావాలంటే అవి మొదలయ్యేలోపే, ముందుగానే ఇచ్చేయాలి. రాతపూర్వక జవాబు తక్కువదేమీ కాదు. ప్రభుత్వం మాట రికార్డులోకి ఎక్కుతుంది, తర్వాత తప్పించుకోలేరు. మీ ఎంపీ ఈ ఏడాదిలో ఏం అడిగాడో, ఏం అడగలేదో సంసద్ డాట్ ఇన్ అనే సైటులో పేరు కొట్టి చూడొచ్చు. మీ పిల్లలతో చూపించుకోండి, ఐదు నిమిషాల పని. అడిగిన వాళ్లుంటే మెచ్చుకోండి, ఇక్కడ కామెంట్లో కూడా రాయండి, నేనూ మెచ్చుకుంటా.

మనం ఎంపీ గారికి ఇవ్వాల్సిన కాగితంలో మూడే ముక్కలు రాశాను. ఎంపీల జీతాన్ని ధరల సూచీకి కట్టినట్టు పీఎం కిసాన్ మొత్తాన్ని కూడా కట్టే ఆలోచన ప్రభుత్వానికి ఉందా, లేకపోతే కారణమేమిటి? మద్దతు ధర చట్టం మీద స్థాయీ సంఘం 2024 డిసెంబరులో చేసిన సిఫార్సుని ఒప్పుకున్నారా, తోసేశారా? మిరపకి 2025 ఫిబ్రవరిలో ప్రకటించిన 11,781 కింద జిల్లాల వారీగా ఎంతమంది రైతులకి ఎంత అందింది? మూడో ప్రశ్నకి అంకెలతో జవాబు రావాలి, మాటలతో కాదు.

కాగితం శనివారం సాయంత్రం రచ్చబండ దగ్గర పెడతా. పాసుబుక్కు నంబరు అక్కర్లేదు, పేరు, ఊరు, సంతకం చాలు. కౌలు రైతులు తప్పకుండా రండి, పీఎం కిసాన్ మీకు రాదు కానీ మిరప నష్టం మీదే ఎక్కువ. వేరే మండలాల వాళ్లకి కాగితం ఫోటో ఇక్కడే పెడతా, రాసుకుని మీ ఎంపీకి ఇచ్చుకోండి. సోమవారం నలుగురం ఎంపీ గారి ఆఫీసుకి వెళ్తున్నాం. మీరూ వెళ్తే రెండు కాపీలు తీసుకెళ్లండి, ఒక దాని మీద అందినట్టు ముద్ర, తేదీ వేయించుకోండి. టీ ఇస్తారు, సెల్ఫీ దిగుతారు, సరే దిగండి. ముద్ర పడకుండా మాత్రం వెనక్కి రావద్దు.