రాస్‌కు దండ, దోమకు దండం

గోదావరి ఒడ్డు మహదేవపూర్ అడవుల్లో ఎవరికైనా చలిజరం వస్తే మొదటి తిట్టు దోమకు పడదు, జరం వచ్చినవాడికే పడుతుంది. ఆరుబయట పడుకుంటారు, ఇచ్చిన దోమతెర వాడరు, గోలీలు సగంలో పారేస్తారు, నాటువైద్యం వెంట పడతారు. ఏసీ గదుల సమీక్షల్లో ఎన్నేళ్లుగానో ఇదే పాట. ఆ దోమ ఏ గుంటలో పుట్టింది, ఆ గుంట ఎవరు తవ్వితే ఏర్పడింది, దాన్ని పూడ్చడానికి జీతం తీసుకునే మనిషి ఎక్కడున్నాడు అని మాత్రం ఒక్కరూ అడగరు. నూటపాతికేళ్ల కిందట ఈ ప్రశ్న అడిగి, జవాబు కనిపెట్టి, దాన్ని అమలు చేయండని బతికినన్నాళ్లూ సర్కార్లతో కొట్లాడినవాడు రోనాల్డ్ రాస్. ఆయన పేరు నల్లకుంట ఫీవర్ ఆస్పత్రికి పెట్టుకున్నాం, జనం నోట అది ఇప్పటికీ కోరంటి దవాఖానే అనుకోండి. బేగంపేటలో ఆయన పనిచేసిన భవనానికీ ఆ పేరే పెట్టుకున్నాం. ఏటా ఆగస్టు 20న ప్రపంచ దోమల దినమని ఫొటోకు దండ వేస్తాం. దండ ఫొటోకు, ఆయన మాట గోదాట్లోకి.

రాస్ దేవుడని చెప్పడానికి నేను కలం పట్టలేదు. 1857 తిరుగుబాటు రాజుకున్న మూడు రోజులకు, మే 13న, అల్మోరాలో ఒక ఆంగ్ల సైనికాధికారి ఇంట పుట్టాడు. వైద్యం తండ్రి పట్టుబట్టి చదివించింది. ఆయన మనసంతా కవిత్వం మీద, నవలల మీద, లెక్కల మీద. 1881లో ఇండియన్ మెడికల్ సర్వీసులో చేరాక కూడా చాలాకాలం దొరగారి తీరు అంతే. సిపాయిలు జరంతో పడిపోతే సామ్రాజ్యం నడవదన్న చింత ఆ కొలువులోనే ఉంది, దాన్ని దాచాల్సిన పనేం లేదు. కానీ పురుగు పట్టిందంటే వదిలే రకం కాదు.

మలేరియా రోగి రక్తంలో పరాన్నజీవిని 1880లో అల్జీరియాలో ఫ్రెంచి సైనిక వైద్యుడు లావెరాన్ చూశాడు. అది ఒంట్లోకి ఎట్లా దూరుతుందో ఎవరికీ తెలియదు. దోమ మీద అనుమానం పెట్టుకొమ్మని 1894లో లండన్‌లో పాట్రిక్ మాన్సన్ రాస్ చెవిన వేశాడు. అయితే మాన్సన్ ఊహ వేరు. దోమలు చచ్చిన నీళ్లు తాగితే జరం వస్తుందేమో అని ఆయన లెక్క. 1895లో సికింద్రాబాద్ వచ్చిన రాస్ ఆ ఊహను పరీక్షించడానికి మన మనుషుల చేత దోమల నీళ్లు తాగించాడు. లక్ష్మణ్ అనే ఒక కుర్రవాడి పేరు ఆ కాగితాల్లో మిగిలింది. ఈరోజు అట్లా చేస్తే జైల్లో వేస్తారు, వేయాలి కూడా.

ఇక ఆ గది. 1897 ఆగస్టు, బేగంపేట. ఉక్కపోతలో పంకా లాగనివ్వలేదు, కోసి పెట్టిన దోమలు గాలికి ఎగిరిపోతాయని. నుదుటి నుంచి, చేతుల నుంచి కారిన చెమటకు మైక్రోస్కోపు మరలు తుప్పు పట్టాయి, కంటి దగ్గరి అద్దం పగిలింది. సూది మొనతో దోమ పొట్టను చీల్చి, గోడ గోడంతా కణం కణం వెతకాలి. అప్పటిదాకా కోసినవన్నీ వేరే జాతి దోమలు, వాటిలో ఏమీ దొరకలేదు. ఈసారి రెక్కల మీద మచ్చలున్న గోధుమరంగు దోమలు చేతికొచ్చాయి. ఆగస్టు 16న వాటిని హుసేన్ ఖాన్ అనే మలేరియా రోగి మీద వదిలారు. కుట్టిన దోమకు ఒక అణా, అంటే రూపాయిలో పదహారో వంతు. 20వ తేదీ మధ్యాహ్నం ఒక దోమ పొట్ట గోడలో గుండ్రటి కణాలు కనిపించాయి. లోపల నల్లటి రేణువులు. రోగి రక్తంలోని పరాన్నజీవిలో ఉండే రేణువులే అవి. మర్నాడు ఇంకో దోమను కోస్తే అవే కణాలు మరింత పెరిగి ఉన్నాయి. ఆ డిసెంబరులో బ్రిటిష్ మెడికల్ జర్నల్ దాన్ని అచ్చేసింది. ఈలోగా ఆయన సర్కారు ఏం చేసిందో తెలుసా? మలేరియా పెద్దగా లేని రాజపుతానా మూల ఖేర్వారాకు బదిలీ చేసింది. బదిలీల తెలివి మన సచివాలయంలో పుట్టిందనుకునేవాళ్లు ఇది గమనించాలి.

1898లో కలకత్తాలో పక్షుల మలేరియా మీద పని పూర్తిచేసి, పరాన్నజీవి చివరికి దోమ లాలాజల గ్రంథికి చేరి కాటుతో ఒంట్లోకి దిగుతుందని తేల్చాడు. 1902లో నోబెల్ వచ్చింది. మనిషి మలేరియాను మోసేది అనాఫిలిస్ జాతేనని తేల్చిన ఇటలీ శాస్త్రవేత్త గ్రాస్సీతో ఏళ్లతరబడి కొట్లాడాడు. చూడ్డానికి ఏమీ బాగుండని గొడవ అది. నన్నడిగితే ఆ కీర్తిలో అణా వాటా హుసేన్ ఖాన్‌కు కూడా ఉంది. ఆ పేరు ఏ రోడ్డుకుంది? ఏ వార్డుకుంది?

సరే, అసలు సంగతి ఇది. నోబెల్ తెచ్చిపెట్టిన ఆ కణం రాస్‌కు సగం పనే. మిగతా సగం పేరు దోమల దళాలు. 1902లో దాని మీద ఓ చిన్న పుస్తకమే రాశాడు. ఊరికో జట్టు, జట్టుకో మేస్త్రీ, నెలనెలా జీతం, వారం వారం తిరిగి గుంటలు పూడ్చడం, నీళ్లు తోడెయ్యడం, నూనె చల్లడం. సియెర్రా లియోన్‌లోని ఫ్రీటౌన్‌లో గ్లాస్గో వ్యాపారి ఒకరిచ్చిన డబ్బుతో ఆ పని మొదలుపెట్టాడు. 1902లో సూయజ్ కాలువ కంపెనీ పిలిస్తే ఈజిప్టులోని ఇస్మాయిలియాకు పోయాడు. ఆ ఏడు పదిహేను వందల పైచిలుకున్న కేసులు 1904కల్లా వంద లోపుకు దిగాయి. కొత్త మందు లేదు, టీకా లేదు. నీళ్లు ఆరబెట్టారు, అంతే. ఆ తర్వాత లెక్కలు కట్టి, దోమల్ని ఆఖరిదాకా చంపక్కర్లేదు, ఒక హద్దు కిందికి తెస్తే చాలు, జబ్బు తానే ఆరిపోతుంది అని నిరూపించాడు. కరోనా కాలంలో టీవీల్లో ఒక రోగి ఎంతమందికి అంటిస్తాడో లెక్కలు చెప్పారే, ఆ దారికి తొలి రాళ్లు పరిచినవాళ్లలో ఆయనొకడు.

ఇప్పుడు మహదేవపూర్ రండి. వానలు వెనకబట్టి వాగు సన్నబడ్డాక ఇసుకలో నీళ్లు మడుగులు మడుగులుగా మిగులుతాయి. పశువులు దిగిన చోట గిట్ట గుంతల్లో నీళ్లు. వంగి చూడండి. నీటి మీద అడ్డంగా, చాప పరిచినట్టు పడుకున్న సన్నటి పురుగులు కనిపిస్తే అవి అనాఫిలిస్ పిల్లలు. మన మురిక్కాలువ దోమ పిల్ల తల కిందులుగా వేలాడుతుంది, ఇది అట్లా కాదు. వారం పది రోజుల్లో రెక్కలొచ్చి ఎగిరిపోతుంది. ఊళ్లోకి సాయంత్రం పొగ మిషన్ వస్తుంది, వెనక పిల్లలు పరుగెత్తుతారు, ఫొటో వాట్సాప్ గ్రూపుకెక్కుతుంది. ఆ పొగ ఎగిరే దోమను కాసేపు పడగొడుతుందేమో, వాగులో ఉన్న పిల్లను తాకను కూడా తాకదు. ఈ దోమేమో జనం నిద్రపోయాక కుడుతుంది. ఇది దోమల నివారణ కాదు, సర్కారు హాజరు వేయించుకోవడం.

జబ్బు తగ్గింది కదా అంటారు. తగ్గింది, కాదనను. ర్యాపిడ్ కిట్టు పట్టుకుని గూడెం గూడెం తిరిగే ఆశా కార్యకర్తల కాళ్ల పుణ్యం అది. కానీ ఈ దేశం ఒకసారి ఇట్లాగే మురిసి మునిగింది. 1953లో ఏటా ఏడున్నర కోట్లమందికి మలేరియా అని అంచనా. డీడీటీ చల్లి, 1965 నాటికి లక్షకు దించారు. ఇక అయిపోయిందని చేతులు దులుపుకున్నారు. 1976లో అది 64 లక్షలై తిరిగొచ్చింది. ఇప్పుడు 2027కల్లా స్థానిక కేసులు సున్నా చేస్తామని కేంద్రం గోడల మీద రాసుకుంది. గోదావరి అవతల సిరోంచ, గడ్చిరోలి అడవి. ఇవతల పలిమెల, కాళేశ్వరం. మిరప ఏరడానికి కూలీలు వంతెన దాటి వస్తారు, ఒంట్లో పరాన్నజీవి ఉంటే అదీ దాటుతుంది. దానికి రాష్ట్ర సరిహద్దు తెలియదు. రెండు జిల్లాల మలేరియా అధికారులు ఒకే రిజిస్టరు ముందు కూర్చునేది ఎన్నడు?

డబ్బుల్లేవనకండి. ఇదే మహదేవపూర్ మండలంలో మేడిగడ్డ బ్యారేజీ కట్టారు. 2023 అక్టోబరులో దాని పియర్లు కుంగితే ఇంజినీర్లు ఉరికొచ్చారు, ఢిల్లీ నుంచి నిపుణులు దిగారు, జస్టిస్ ఘోష్ కమిషన్ కూర్చుంది. కూర్చోవాల్సిందే. 2025 మేలో సరస్వతి పుష్కరాలకు కాళేశ్వరంలో ఘాట్లు కట్టారు. నీళ్లు నిలబెట్టిన ప్రతి చోటా దోమల లెక్క కూడా కట్టాలని ఆ ప్రాజెక్టు కాగితాల్లో ఎవరు రాశారు? కూలీలు కుంగిపోతే ఏ కమిషన్ కూర్చుంటుంది?

కాబట్టి మలేరియా అధికారుల్ని నేను అడిగేది గొప్ప సంగతేం కాదు. వానాకాలం మొదలు సంక్రాంతి దాకా వాగు మడుగులు తిరిగే మనిషి ఈ మండలంలో ఎంతమంది ఉన్నారు, వాళ్లది కాంట్రాక్టా, పర్మనెంటా, జీతం ఏ నెలదాకా అందింది? వైవాక్స్ రకం మలేరియా వచ్చినవాడికి మూడు రోజులు క్లోరోక్విన్ వేసి పంపితే సరిపోదని మీకూ తెలుసు. కాలేయంలో దాక్కున్న పురుగు చావాలంటే ప్రైమాక్విన్ పద్నాలుగు రోజులు పడాలి. మూడో రోజుకే జరం పోతుంది, నాలుగో రోజు మనిషి పత్తి చేనుకు పోతాడు, మూడు నెలలకు అదే జరం మళ్లీ లేస్తుంది. నిరుడు ఈ మండలంలో పద్నాలుగో రోజు గోలీ కళ్లముందు మింగించి వచ్చింది ఎవరు? ఆ మనిషి ఊరు, జీతం, ఆ రిజిస్టరు పేజీ చూపించండి.