ఆడవాళ్ళకు ‘సహాయ’ హోదాయేనా?

2025 నవంబరు 2న నవీ ముంబయిలో దక్షిణాఫ్రికాను ఓడించి భారత మహిళల జట్టు ప్రపంచ కప్పు గెలిచినప్పుడు కడప జిల్లా మొత్తం పండుగ చేసుకుంది. వీరపునాయునిపల్లె మండలం ఎర్రమల్లె పిల్ల శ్రీచరణి ఆ పోటీల్లో 14 వికెట్లు తీసింది. రాష్ట్ర ప్రభుత్వం రెండున్నర కోట్లు, ఇంటి స్థలం, గ్రూప్-1 ఉద్యోగం ప్రకటించింది. సంతోషించాల్సిందే. కానీ ఆ హడావుడిలో ఎవరూ అడగని ప్రశ్న ఒకటుంది. ఆ జట్టు ప్రధాన కోచ్, బౌలింగ్ కోచ్, ఫీల్డింగ్ కోచ్ ముగ్గురూ మగవాళ్ళే. ఆడవాళ్ళ ఆటను ఆడవాళ్ళకు నేర్పగల ఆడవాళ్ళు ఈ దేశంలో లేరా?

లేకపోవడమేమిటి, ఉన్నారు. వాళ్ళ పేరు ముందు ‘సహాయ’ అన్న మాట తగిలించి ఉంది.

2023లో మహిళల ప్రీమియర్ లీగ్ మొదలైనప్పుడు అయిదు జట్ల ప్రధాన కోచ్‌లలో ఒక్క భారతీయ స్త్రీ కూడా లేదు. మన ఆదోని అమ్మాయి అంజలి శర్వాణిని తీసుకున్న ఉత్తరప్రదేశ్ జట్టుకు ప్రధాన కోచ్ ఒక ఇంగ్లండు పురుషుడు, సహాయ కోచ్ అంజూ జైన్. ఈ అంజూ జైన్ 2000 ప్రపంచ కప్పులో భారత జట్టుకు కెప్టెన్. 2018లో బంగ్లాదేశ్ మహిళలు భారత జట్టునే ఓడించి ఆసియా కప్పు గెలిచినప్పుడు వాళ్ళ ప్రధాన కోచ్ కూడా ఆమే. అంత చేసి వచ్చిన మనిషికి సొంత దేశంలో దొరికింది సహాయకురాలి కుర్చీ. మరోవైపు అమోల్ మజుందార్ దేశవాళీ క్రికెట్‌లో పరుగులు రాశి పోసినా భారత జట్టుకు ఒక్క మ్యాచ్ ఆడే అవకాశం దక్కని మనిషి. ఆయన సమర్థతను నేను శంకించడం లేదు, కప్పే సాక్ష్యం. దేశానికి ఆడని పురుషుడు మహిళల జట్టుకు ప్రధాన కోచ్ కాగలడు, దేశానికి కెప్టెన్‌గా ఉన్న స్త్రీ మాత్రం సహాయం చేయాలి. ఈ లెక్క ఎక్కడిదన్నదే నా ప్రశ్న.

దీన్ని అర్థం చేసుకోవడానికి అమెరికా వాళ్ళ ఫుట్‌బాల్‌ను చూద్దాం. మనం కాలితో ఆడేది కాదు, కోలబంతిని చంకన పెట్టుకుని పరిగెత్తే ఆట. అక్కడ ఒక్కొక్క జట్టుకు ఇరవై మంది దాకా సహాయ కోచ్‌లుంటారు. మగవాడికి ఆ ఉద్యోగం మెట్టు. బిల్ బెలిచిక్ అనే ఆయన 1975లో బాల్టిమోర్ జట్టులో వారానికి 25 డాలర్లకు సహాయకుడిగా చేరాడు. 1991లో క్లీవ్‌లాండ్‌కు ప్రధాన కోచ్ అయ్యాడు, ఆ తరవాత న్యూ ఇంగ్లండ్ జట్టుకు ఆరు సూపర్ బౌల్‌లు గెలిపించాడు. ఆయన తండ్రి నౌకాదళ అకాడమీ జట్టులో ముప్ఫై ఏళ్ళకు పైగా సహాయ కోచ్. చిన్నప్పుడే తండ్రి పక్కన కూర్చుని ఆటల ఫిల్ములు చూసి నేర్చుకున్నాడు. అంటే కోచ్ పనిలో కూడా వారసత్వం ఉంది. అది పొలంలాగే తండ్రి నుంచి కొడుక్కి పోతుంది, కూతురికి రాదు.

కాథ్రిన్ స్మిత్ 2003లో న్యూయార్క్ జెట్స్ దగ్గర ఇంటర్న్‌గా చేరి, ఆఫీసు పనులన్నీ చేసి, 2016లో బఫెలో జట్టులో పూర్తికాలపు సహాయ కోచ్ అయింది. ఆ లీగులో ఆ పదవి అందుకున్న మొదటి స్త్రీ. ఆ ఏడాది చివర ప్రధాన కోచ్‌ను తీసేశారు. కొత్తగా వచ్చినాయన ఆమెను ఉంచుకోలేదు. 2021లో సూపర్ బౌల్ గెలిచిన టాంపా బే జట్టులో ఇద్దరు స్త్రీలు సహాయ కోచ్‌లు. ఈనాటికీ అక్కడ ఒక్క స్త్రీ కూడా ప్రధాన కోచ్ కాలేదు. మగవాడికి మెట్టు అయినది ఆమెకు ఇంటి కప్పు అయి కూర్చుంది.

అది మగవాళ్ళ ఆట కాబట్టి అలా ఉందిలే అనుకోవడానికి కూడా లేదు. చదువులో స్త్రీపురుష వివక్షను నిషేధిస్తూ 1972లో అక్కడ టైటిల్ నైన్ చట్టం వచ్చింది. అప్పుడు కాలేజీ ఆడపిల్లల జట్ల కోచ్‌లలో నూటికి తొంభై మందికి పైగా ఆడవాళ్ళే. చట్టం వల్ల ఆడపిల్లల ఆటలకు డబ్బు వచ్చింది, జీతాలు పెరిగాయి. నలభై ఏళ్ళు తిరిగేసరికి ఆడ కోచ్‌లు సగానికన్నా తక్కువయ్యారు. జీతంలేని రోజుల్లో ఆడవాళ్ళ పని, జీతం వచ్చాక మగవాళ్ళ ఉద్యోగం. వంట నుంచి విత్తనం దాకా మనకు తెలిసిన కథే.

మన దగ్గరా అదే జరిగింది. సికింద్రాబాదు నుంచి వచ్చిన పూర్ణిమా రావు భారత జట్టుకు కెప్టెన్, తరవాత కోచ్. ఆమె కోచ్‌గా ఉండగానే 2016 జనవరిలో మన అమ్మాయిలు ఆస్ట్రేలియాలో ట్వంటీ20 సిరీస్ గెలిచారు. 2017 ఏప్రిల్‌లో, ప్రపంచ కప్పుకు రెండు నెలల ముందు, ఆమెను తప్పించారు. జట్టు లార్డ్స్‌లో ఫైనల్ దాకా వెళ్ళింది, దేశమంతా టీవీల ముందు కూర్చుంది. ఆటకు కెమెరాలు, డబ్బు వచ్చిన సరిగ్గా ఆ వేళకు కుర్చీలో స్త్రీ లేదు. అప్పటి నుంచి 2025 కప్పు దాకా, తాత్కాలికంగా కూర్చున్నవాళ్ళను పక్కన పెడితే, ఆ కుర్చీలో కూర్చున్నవాళ్ళందరూ పురుషులే.

ఇదంతా పైమెట్ల సంగతి. మన సంఘాలు చూడాల్సింది అడుగు మెట్టు.

ఆదోని వైపు పల్లెల్లో కరువు కాలం వస్తే కుటుంబాలు గుంటూరు మిరప చేలకు వలస పోతాయి. నంద్యాల, కోయిలకుంట్ల ప్రాంతంలో పత్తి విత్తనాల చేలల్లో పువ్వు పువ్వుకూ పుప్పొడి అద్దే పనికి ఆడపిల్లల చిన్న వేళ్ళే కావాలని ఏళ్ళ తరబడి వాళ్ళను బడి మాన్పించిన చరిత్ర ఉంది. అలాంటి చోట ఒక పిల్ల గ్రౌండులో నిలబడిందంటే వెనక ఎవరో ఉండాలి. నేను చూసిన ఒక కస్తూరిబా విద్యాలయంలో వ్యాయామం నేర్పే ఆమె కాంట్రాక్టు ఉద్యోగి. పిల్లలకు కబడ్డీ నేర్పుతుంది. జిల్లా పోటీలకు వెళ్తే బస్సులో సీట్లు పడుతుంది, రాత్రి వాళ్ళ మధ్యే పడుకుంటుంది, నెలసరి వచ్చిన పిల్లకు గుడ్డలు వెతుకుతుంది. “పెద్దమనిసైన పిల్లకు నిక్కరేసి ఊరూరూ తిప్పుతారా మేడమ్?” అని తండ్రి గదమాయిస్తే ఇంటికి వెళ్ళి తల్లితో మాట్లాడుతుంది. ఆ పిల్ల జిల్లా జట్టుకు ఎంపికయ్యాక కోచ్‌గా ఫొటోలో నిలబడినాయన వేరే. ఈమె ‘పిల్లలతో వచ్చిన మేడమ్’.

ఈ పనికి కోచింగ్ అని పేరు లేదు. అంగన్‌వాడీలో ఆయాను సహాయకురాలు అంటాం, ఊరి కాన్పుల బాధ్యత మోసే ఏఎన్ఎం హోదాలో ‘ఆగ్జిలరీ’ అన్న మాట ఉంది. పిల్లను మైదానంలో నిలబెట్టే శ్రమ కూడా ఆ వరసలోదే. కోచ్ కావాలంటే డిప్లొమా కావాలంటారు. అది పటియాలాలోనో బెంగుళూరులోనో హాస్టల్లో ఉండి చదవాలి. చంటిబిడ్డను వదిలి, కాంట్రాక్టు పోగొట్టుకుని ఆమె ఎలా పోతుంది?

ఆడ కోచ్ అయితే చాలు, అంతా బాగుంటుందని నేను అనడం లేదు. కులం చూసి జట్టు వేసే ఆడ టీచర్లూ ఉన్నారు. అయితే ఆడపిల్ల ఒంటి మీద, తిండి మీద, ఎంపిక మీద ఒకే పురుషుడికి పెత్తనం ఉన్న చోట ఏం జరగవచ్చో 2023లో మల్లయోధురాళ్ళు ఢిల్లీ రోడ్డు మీద కూర్చుంటే గానీ దేశం వినలేదు. పనిచేసే చోట లైంగిక వేధింపులపై 2013 చట్టం క్రీడా సంస్థలకూ వర్తిస్తుంది. మన రెండు జిల్లాల క్రీడా సంఘాల్లో ఎన్నింటికి ఫిర్యాదుల కమిటీ ఉందో అడిగి చూడండి.

ముందు లెక్క కావాలి. మీ మండలంలో వ్యాయామం నేర్పే స్త్రీలు ఎంతమంది, అందులో రెగ్యులర్ ఎందరు, కాంట్రాక్టు ఎందరు, పోటీలకు పిల్లలను తీసుకువెళ్ళిన రోజులకు భత్యం ఇస్తున్నారా, డిప్లొమాకు సెలవు అడిగితే ఏమన్నారు. వివరాలు రాసి పంపండి, ఎవరి పేరూ అక్కర్లేదు. వాటితో రెండు జిల్లాల కలెక్టర్లకూ, క్రీడా ప్రాధికార సంస్థకూ వినతిపత్రం ఇద్దాం.