పెన్‌డ్రైవ్‌కూ చెక్‌పోస్టు కావాలి

విశాఖపట్నంలోని తూర్పు నౌకాదళ కమాండ్ కంప్యూటర్లలోకి మాల్‌వేర్ చొరబడిందన్న వార్త 2012 జులైలో దేశాన్ని ఉలిక్కిపడేలా చేసింది. మన తొలి స్వదేశీ అణు జలాంతర్గామి అరిహంత్ పరీక్షలు సాగుతున్న రోజులవి. రహస్య సమాచారం దాచే ఆ కంప్యూటర్లకు ఇంటర్నెట్‌తో సంబంధమే లేదు. అయినా వాటిలోని సమాచారం చైనాలోని ఇంటర్నెట్ చిరునామాలకు చేరిందని పత్రికలు రాశాయి. విచారణ జరుగుతోందని నౌకాదళం కూడా చెప్పింది. తీగ లేనిచోట సమాచారం ఎలా బయటికి పోయింది? పెన్‌డ్రైవ్‌లో పోయింది.

అప్పట్లో వెలుగులోకి వచ్చిన పద్ధతి ఇది. పెన్‌డ్రైవ్‌ను కంప్యూటర్‌కు పెట్టగానే మాల్‌వేర్ అందులో కంటికి కనబడని ఫోల్డర్‌ను సృష్టిస్తుంది. కొన్ని కీలక పదాలున్న ఫైళ్లను వెతికి అందులో దాస్తుంది. అదే పెన్‌డ్రైవ్‌ను ఇంటర్నెట్ ఉన్న మరో కంప్యూటర్‌కు పెట్టినప్పుడు ఆ మూట శత్రువుకు చేరుతుంది. మోసుకెళ్లిన మనిషికి తాను మోస్తున్నదేమిటో తెలియనే తెలియదు.

ఇది మన ఒక్కరి బలహీనత కాదు. 2008లో పశ్చిమాసియాలోని ఒక అమెరికా సైనిక స్థావరంలో ల్యాప్‌టాప్‌కు పెట్టిన ఫ్లాష్ డ్రైవ్ నుంచి ఒక పురుగు వారి రహస్య నెట్‌వర్కుల్లోకి పాకింది. ఇరాన్‌లోని నతాంజ్ అణు కేంద్రంలో సెంట్రిఫ్యూజ్‌లను దెబ్బతీసిన స్టక్స్‌నెట్ 2010లో బయటపడింది. అది కూడా యూఎస్‌బీ డ్రైవ్‌ల ద్వారా వ్యాపించేలా తయారు చేసినదే. ఇంటర్నెట్ తీగ తెంచేస్తే కోట కట్టినట్టేనన్న నమ్మకాన్ని ఈ సంఘటనలన్నీ వమ్ము చేశాయి.

మూట విప్పే క్షణం

పెన్‌డ్రైవ్ బండి అయితే జిప్, రార్ ఫైళ్లు అందులో వేసే మూటలు. పది పత్రాలను ఒకటిగా కట్టడానికి, సైజు తగ్గించడానికి, పాస్‌వర్డ్ పెట్టడానికి వీటిని రోజూ వాడుతుంటాం. దాడి చేసేవాడికి కూడా ఆ సౌకర్యాలే కావాలి. పాస్‌వర్డ్ ఉన్న మూట లోపల ఏముందో ఈమెయిల్ సర్వర్‌లోని యాంటీవైరస్ చూడలేదు. అందుకే మాల్‌వేర్‌ను అలాంటి మూటలో కట్టి, పాస్‌వర్డ్‌ను అదే ఈమెయిల్‌లో రాసి పంపుతారు. తాళం వేసిన పెట్టెకు తాళంచెవిని కూడా కట్టి పంపారంటే, ఆ తాళం ఎవరిని ఆపడానికో ఆలోచించాలి.

2023లో విన్‌రార్ సాఫ్ట్‌వేర్‌లో బయటపడిన లోపం మరీ ప్రమాదకరమైనది. మూటలో ఒక మామూలు పత్రం, అదే పేరుతో ఒక ఫోల్డర్ ఉంటాయి. విన్‌రార్ కిటికీలోనే ఆ పత్రంపై క్లిక్ చేస్తే, ఫోల్డర్‌లో దాచిన ప్రోగ్రాం నడుస్తుంది. ఆ ఏడాది ఏప్రిల్ నుంచే నేరగాళ్లు దీన్ని వాడుకున్నారు. ఆగస్టులో 6.23 వెర్షన్‌తో లోపాన్ని సరిదిద్దారు. కానీ విన్‌రార్ దానంతటది అప్‌డేట్ కాదు. పాకిస్థాన్‌తో సంబంధం ఉందని నిపుణులు భావించే సైడ్‌కాపీ ముఠా ఇదే లోపాన్ని వాడుకుని మన ప్రభుత్వ సంస్థలపై గురిపెట్టినట్టు సెక్‌రైట్ పరిశోధకులు నవంబరులో వెల్లడించారు. మందు వచ్చి మూడు నెలలైనా వేసుకోనివారు ఉంటారన్నదే ఆ ముఠా లెక్క.

విండోస్ వదిలి లినక్స్‌కు మారితే బెడద తీరుతుందన్న వాదన ఉంది. 2025 ఆగస్టులో ట్రాన్స్‌పరెంట్ ట్రైబ్ ముఠా దానికి జవాబిచ్చింది. మన ప్రభుత్వ కార్యాలయాల్లో వాడే బాస్ లినక్స్‌నే లక్ష్యంగా చేసుకుని, సమావేశం లేఖ పేరుతో జిప్ ఫైలు పంపింది. లోపల పీడీఎఫ్‌లా కనిపించేది నిజానికి డెస్క్‌టాప్ షార్ట్‌కట్. దాన్ని నొక్కితే అనుమానం రాకుండా తెరపై ఒక లేఖ తెరుచుకుంటుంది. వెనక మాల్‌వేర్ దిగుతుంది. ఆపరేటింగ్ సిస్టం మారినా, చూడకుండా నొక్కే అలవాటు మారలేదు.

నిషేధం ఒక్కటే చాలదు

మన వ్యవస్థ సాధారణంగా ఎంచుకునే మందు నిషేధం. సర్క్యులర్ వస్తుంది, సంతకాలు తీసుకుంటారు, యూఎస్‌బీ పోర్టులు మూసేస్తారు. సైన్యంలో ఆ క్రమశిక్షణ అవసరమే. 2005లో బయటపడిన నేవల్ వార్ రూమ్ లీకేజీ కేసులో సమాచారం పెన్‌డ్రైవ్‌ల ద్వారానే బయటికి వెళ్లిందన్నది అభియోగం. ముగ్గురు నౌకాదళ అధికారులను సర్వీసు నుంచి తొలగించారు. కావాలని చేసే ద్రోహానికి శిక్షే మార్గం. కానీ పని జరగాలన్న తొందరలో చేసే పొరపాటును శిక్ష ఆపలేదు.

2008 దెబ్బ తర్వాత అమెరికా సైన్యం ఫ్లాష్ డ్రైవ్‌లను పూర్తిగా నిషేధించింది. 2010 ఫిబ్రవరిలో ఆ నిషేధాన్ని షరతులతో సడలించక తప్పలేదు. నెట్‌వర్క్ అందనిచోట సమాచారం చేతిలోనే ప్రయాణించాలి. పరీక్షా కేంద్రంలోని యంత్రం నుంచి రీడింగులు తీయాలన్నా, ఇంటర్నెట్ లేని కంప్యూటర్‌లో సాఫ్ట్‌వేర్ అప్‌డేట్ చేయాలన్నా డ్రైవ్ కావాలి. సక్రమమైన దారి చూపించకుండా గేటు మూస్తే, మనుషులు గోడ దూకుతారు. అప్పుడు వాడేది లెక్కాపత్రం లేని సొంత పెన్‌డ్రైవ్.

ఈ ముప్పు ఇప్పుడు కంటోన్మెంట్ గోడలు దాటింది. హైదరాబాద్‌లోని క్షిపణి ప్రయోగశాలలకు, భారత్ డైనమిక్స్‌కు విడిభాగాలు తయారుచేసే చిన్న పరిశ్రమలు నగరం చుట్టూ ఎన్నో ఉన్నాయి. డ్రాయింగులు జిప్ ఫైళ్లుగా వస్తాయి, తనిఖీ నివేదికలు పెన్‌డ్రైవ్‌లో వెళ్తాయి. పెద్ద సంస్థకు సైబర్ విభాగం ఉంటుంది. ఇరవై మంది పనిచేసే షెడ్డులో మాత్రం బిల్లులు కొట్టే కంప్యూటరే డ్రాయింగులు తెరిచే కంప్యూటర్. కోటను కొట్టలేని శత్రువు కోటకు కూరగాయలు తెచ్చే బండిని వెతుక్కుంటాడు.

కాబట్టి రక్షణ శాఖ చేయవలసిన పని స్పష్టం. సైనిక కేంద్రాల ద్వారాల వద్ద, ప్రయోగశాలల్లో, రక్షణ సరఫరాదారులున్న పారిశ్రామికవాడల్లో డ్రైవ్ తనిఖీ కేంద్రాలు పెట్టాలి. ఏ నెట్‌వర్క్‌కూ కలపని కంప్యూటర్‌లో బయటి డ్రైవ్‌ను పెట్టి, మూటలు విప్పి, ఒకటికి మించిన యాంటీవైరస్‌లతో పరీక్షించాలి. శుభ్రమని తేలిన ఫైళ్లను మాత్రమే నంబరు వేసిన సంస్థ డ్రైవ్‌లోకి ఎక్కించి, రిజిస్టర్‌లో రాయాలి. బయటి డ్రైవ్ లోపలికి రాకూడదు. ఆయుధాగారంలో ప్రతి రైఫిల్‌కూ నంబరు, సంతకం ఉన్నట్టే ఇది. చిన్న పరిశ్రమలకు ఈ సేవ ఉచితంగా అందాలి. ఒక్క క్షిపణి ఖరీదుతో పోలిస్తే ఈ ఖర్చు లెక్కలోకి రాదు.

కాపీ చేయడంలోనూ క్రమం ఉంది. డేటా పూర్తిగా రాయకముందే డ్రైవ్ లాగేస్తే ఫైలు పాడవుతుంది. ఎజెక్ట్ నొక్కాకే తీయాలి. ముఖ్యమైన ఫైలుకు ముందే ఎస్‌హెచ్‌ఏ-256 హ్యాష్ తీసి, కాపీ అయ్యాక మళ్లీ తీసి పోల్చాలి. ఒక్క అక్షరం మారినా హ్యాష్ మారిపోతుంది. రహస్య ఫైళ్లకు ఏఈఎస్-256 ఎన్‌క్రిప్షన్ వాడాలి. జిప్‌లోని పాత తరహా పాస్‌వర్డ్ పద్ధతి బలహీనమైనది. పాస్‌వర్డ్‌ను వేరే దారిలో పంపాలి. ఫ్లాష్ డ్రైవ్‌లో డిలీట్ చేసినంత మాత్రాన సమాచారం చెరిగిపోదు. రహస్య డేటా మోసిన డ్రైవ్‌ను చివరికి ముక్కలు చేయాల్సిందే.

ఇంట్లోనూ డ్రిల్

ఇంట్లో కూర్చున్న మనమూ ఈ యుద్ధానికి దూరంగా లేము. సైనికుడి భార్య ఫోన్‌కు, విశ్రాంత ఉద్యోగి ఈమెయిల్‌కు పెన్షన్ సవరణ, క్యాంటీన్ కార్డు పేరుతో ఒక జిప్ ఫైలు వస్తే దాన్ని తెరవకుండా ఉండటం కష్టం. పహల్‌గామ్ దాడి జరిగిన కొద్ది రోజులకే, 2025 ఏప్రిల్‌లోనే, ఆ దాడి పేరుతో నకిలీ పత్రాలు చలామణీలోకి వచ్చాయి. మన ఆవేదనను కూడా ఎరగా వాడుకునే శత్రువు అతను.

సైనిక శిక్షణలో తొలి రోజుల్లోనే నేర్పే పాఠం ఒకటుంది. ఖాళీ తుపాకీ అని ఎవరు చేతికిచ్చినా, ఛాంబర్ మనమే తెరిచి చూసుకోవాలి. జిప్ ఫైలుకూ ఇదే వర్తిస్తుంది. తెలిసినవారి నుంచి వచ్చినా ఫోన్ చేసి అడగండి. ఆర్కైవ్ సాఫ్ట్‌వేర్‌ను స్వయంగా అప్‌డేట్ చేసుకోండి. మూట లోపలి జాబితాను ముందు చూడండి. అక్కడి నుంచే క్లిక్ చేయకుండా ఖాళీ ఫోల్డర్‌లోకి విప్పి, స్కాన్ చేశాక తెరవండి. విండోస్ ఫైలు పేరు చివరి భాగాన్ని మామూలుగా దాచేస్తుంది. ఆ సెట్టింగ్ మార్చుకుంటే 'పెన్షన్.పీడీఎఫ్' అనుకున్నది 'పెన్షన్.పీడీఎఫ్.ఈఎక్స్‌ఈ' అని బయటపడుతుంది. షార్ట్‌కట్ ఫైళ్ల తోక మాత్రం అప్పటికీ కనిపించదు. ఫైలు రకం చెప్పే వరుసలో 'షార్ట్‌కట్' అని ఉంటే తెరవకుండా తీసేయండి. దొరికిన పెన్‌డ్రైవ్‌ను కుతూహలంతో పెట్టి చూడొద్దు.

ఈ జాగ్రత్తలన్నీ పాటించడానికి పట్టేది రెండు నిమిషాలు. అయితే పౌరుడి జాగ్రత్త ప్రభుత్వ బాధ్యతకు ప్రత్యామ్నాయం కాదు. సరిహద్దు చెక్‌పోస్టులో ప్రతి లారీనీ ఆపి సోదా చేసే దేశం, తన క్షిపణి డ్రాయింగులు ప్రయాణించే వేలెడంత డ్రైవ్‌ను సోదా చేయకుండా వదిలేయడం సమర్థించుకోలేని లోపం. వచ్చే ఏడాది రక్షణ బడ్జెట్‌లోనైనా ఈ చిన్న చెక్‌పోస్టులకు చోటు దక్కాలి.

(రచయిత విశ్రాంత సైనికాధికారి)